అనాసపండును షికారుకు తీసుకెళ్ళిన సాయంత్రం

పాకమ్మ గుడ్లురిమి చూస్తే చాలు, పంచదార దానంతటదే కరిగి ఎర్రబడేది. పొయ్యితో పనిలేదు. ఒకనాడు ఒళ్ళుమండి వీధి చివరి దుకాణం వైపు తలతిప్పి చూసేసరికి, అక్కడ మూతికట్టిన పంచదార బస్తా బస్తాలోనే పాకమైపోయిందట. దుకాణదారు ఆ రోజంతా పంచదారను తక్కెడతో కాక గరిటెతో అమ్మాడట.

సరే, పొయ్యి ఉండేది. దాని కింద మంట కూడా ఉండేది. దుకాణంలో బస్తా కారడానికి కారణం, దాని మీది పైకప్పు కారడమే కావచ్చు. చిన్నప్పుడు నాకు చదువు చెప్పి, అబద్ధమాడిన నాలుక మీద మిరియం పెట్టిన కాన్వెంటు సిస్టర్లకు చెవులు బహు పొడుగు కనుక, ఇంతమటుకు వెనక్కి తీసుకోక తప్పదు. పంచదార ఆమె మాట వినేదన్నది మాత్రం వెనక్కి తీసుకునేది లేదు.

ఆమె పనిచేసింది ఒక పెద్ద హోటలు వంటింట్లో. గిన్నెలు కడగడానికి చేరి, ఉల్లిపాయలు తరిగే బల్లకు ఎదిగి, చివరకు పంచదార పొయ్యి దగ్గర స్థిరపడింది. జుట్టు నెరిసింది అక్కడే. పెళ్ళి ఆమె జీవితంలోకి రెండుసార్లు గుమ్మం దాకా వచ్చింది గానీ, మంచంలో ఉన్న తల్లిని చూసి, లోపల చాలా పనుందని గ్రహించి, చెప్పులైనా విప్పకుండా వెళ్ళిపోయింది. తల్లి పోయాక ఇంట్లో మిగిలింది ఆమె, సెల్‌ఫోన్ల దుకాణంలో పనిచేసే మేనకోడలు. ఆ పిల్లకు నోరెక్కువ, జాలి తక్కువ అనుకుంటారు చూసినవాళ్ళు. నిజానికి రెండూ ఎక్కువే.

హోటల్లో ఆమె చేతి మీదుగా రోజూ వెళ్ళే వంటకం ఒకటుండేది. అనాసపండు చక్రాలను ఎర్రగా కరిగిన పంచదారలో, వెన్నలో వేయించి, పొగలు కక్కుతుండగా పళ్ళెంలో పేర్చి, పైన ఐస్‌క్రీమ్ ఉండ పెట్టడం. మెనూ కార్డు మీద దానికి పరాయి భాషలో మూరెడు పేరు. ఆ పేరు పలకబోయి ఒక కొత్త వెయిటరుకు దవడ పట్టేసిందని, విడదీయడానికి ఇద్దరు కావలసివచ్చారని చెబుతారు. వంటింట్లో మాత్రం అందరూ దాన్ని ‘మంటా మంచూ’ అనేవారు.

మంట పాకమ్మది. మంచు గోడకు అవతలి మనిషిది.

పొయ్యిల సెగ తగలకూడదని ఐస్‌క్రీమ్ గదిని గోడకు అవతల కట్టారు. ఆ గోడలో, బల్ల ఎత్తున, పళ్ళెం పట్టేంత కిటికీ. పాకమ్మ ఇటునుంచి పళ్ళెం తోస్తుంది. అటునుంచి రెండు చేతులు దాన్ని అందుకుని, ఐస్‌క్రీమ్ పెట్టి, తమ వైపు తలుపులోంచి వెయిటరుకు ఇస్తాయి. వేళ్ళు కత్తిరించిన ఊలు గ్లవుజుల్లో, చలికి చివరలు పగిలిన చేతులవి. ఆ చేతుల తాలూకు మనిషిని వంటింట్లో చిన్నాపెద్దా అందరూ ‘చల్లన్న’ అనేవారు. అనని మనిషి పాకమ్మ ఒక్కతే. ఆ పేరు చివరన ఉన్న అన్న ఆమె గొంతులోంచి పైకి వచ్చేవాడు కాదు. పిలవాల్సివస్తే ‘ఇదిగో’ అనేది. ఆయన కూడా ‘ఇదిగో’ అనే పలికేవాడు. ఇదిగోలతోనే ఇద్దరి వయసూ గడిచిపోయింది.

చలికాలం పొద్దుటిపూట ఆమె ఉత్త పళ్ళేన్ని పొయ్యి మీద కాచి కిటికీలోంచి తోసేది. అది కాసేపు అవతల ఉండి, చల్లారి, ఖాళీగానే తిరిగొచ్చేది. ఎండాకాలం అటునుంచి గుడ్డలో చుట్టిన మంచుముక్క వచ్చేది. అది ఆమె మెడ వెనక కరిగి నీరయ్యేది, గుడ్డ మడతపెట్టుకుని అటు వెళ్ళేది.

ఒకరోజు పెద్ద వంటాయన కంటపడింది.

“ఆ ఖాళీ పళ్ళెం ఎక్కడికమ్మా వెళ్తోంది?”

“దాని పనిమీద అది వెళ్తోంది.”

“ఎవరి ఆకలి తీర్చడానికో?”

“మీది కాదులెండి. అటు చూడండి, మీ పులుసు పొంగుతోంది.”

పొంగడం లేదు. అయినా పెద్ద వంటాయన నవ్వుకుంటూ పులుసు వైపు వెళ్ళాడు.

ఇంత సంసారం నడిచినా, ఇద్దరూ కలిసి ఆ వంటకాన్ని ఒక్కసారీ తినలేదు. పొయ్యి దగ్గర చెమటపట్టినవాళ్ళు మంచుగదిలోకి పోకూడదు, మంచుగదివాళ్ళు పొయ్యి దగ్గరికి రాకూడదు, ఊపిరితిత్తులు పట్టేస్తాయని అక్కడి కట్టుబాటు. రుచి చూడడం కూడా ఎవరి సగం వారిదే. ఆమె నాలుకకు తెలిసింది చెక్కగరిటె చివర చుర్రుమనే పాకం. ఆయనకు తెలిసింది స్కూపు అంచున అంటుకున్న చలి. ఆ రెండూ ఒక చెంచాలో కలిస్తే ఎలా ఉంటాయో ఊరందరికీ తెలుసు, చేసిన ఇద్దరికీ తప్ప.

చివరకు హోటలు మూతపడింది. యజమాని పిల్లలు దాన్ని పడగొట్టి కార్లు నిలుపుకునే మేడ కడతారట. ఆఖరి రోజున వెనక పెరట్లో అందరూ ఏప్రాన్లు విప్పి మూట కడుతుంటే, చల్లన్న ఆమె దగ్గరికొచ్చి నిలబడ్డాడు. కిటికీ లేకుండా మాట్లాడడం అలవాటు లేక, నడుం వంచి, చేతుల వైపే చూస్తూ చెప్పాడు.

“మా చెల్లెలు రమ్మంటోంది. వాళ్ళ ఊళ్ళో, మేడమీద గది ఖాళీగా ఉందట. ఆదివారం బస్సుకి వెళ్ళిపోతున్నా.”

ఆయన భార్య పోయి చాలాకాలమైంది. పిల్లలు లేరు. చెల్లెలు పిలవడం న్యాయం, ఆయన వెళ్ళడం సహజం. పాకమ్మకు ఆ సంగతి తెలుసు. అయినా ‘వెళ్ళకండి’ అన్న మాట నాలుక చివరి దాకా వచ్చింది. వచ్చి, తీరా బయటపడేసరికి వేషం మార్చేసింది.

“శనివారం సాయంత్రం ఇంటికి రండి. అనాసపండు నేను చూస్తాను. ఐస్‌క్రీమ్ మీరు తెండి. ఒక్కసారి తిని చూద్దాం.”

“తప్పకుండా,” అన్నాడాయన. పదడుగులు వేసి వెనక్కొచ్చాడు. “ఇంతకీ మీ ఇల్లెక్కడ?”

అంతే. శనివారం సాయంత్రం ఆయన మెట్లు దిగి వెళ్ళేలోగా ఆ మాట అనెయ్యాలి. లేకపోతే ఇక అనడానికి మనిషి ఉండడు. ఆమె పెట్టుకున్న గడువు అదీ.

శనివారం మేనకోడలు దుకాణానికి సెలవుపెట్టి మరీ కూర్చుంది.

“అత్తా, వచ్చే ఆయన్ని నేనేమని పిలవాలి?”

“నీ ఇష్టం.”

“బాబాయ్ అననా, మావయ్యా అననా?”

“నోరు మూసుకుని పంచదార డబ్బా అందుకో.”

“నోరు మూసుకోవచ్చు గానీ, మరి నువ్వేమని పిలుస్తావ్?”

పాకమ్మ పండు వైపు తిరిగింది. అనాసపండు చెక్కు తీసి, దాని మీది కళ్ళ వెంట ఏటవాలుగా గాడి కోసుకుంటూ, ఒక్కొక్క కన్నూ పెకలించింది. చక్రాలుగా తరిగి గుడ్డ మీద ఆరబెట్టింది. అడుగు మందంగా ఉన్న బాణలిలో పంచదార పలచగా పరిచింది. ఇక దాన్ని కదపకూడదు. కదిపితే అలిగి గడ్డకడుతుంది. అంచులు ముందు చెమర్చాయి, తర్వాత తేనె రంగు తిరిగాయి, మధ్యలో తెల్లటి దీవి చిన్నదవుతూ వచ్చింది.

సరిగ్గా అప్పుడే తలుపు కొట్టిన చప్పుడు, మేనకోడలి గొంతు.

“రండి మావయ్యా! అత్త మీకోసమే మాడుతోంది.”

ఆ ఒక్క క్షణం పంచదార పాకమ్మ మాట వినలేదు. కాస్త ముదిరింది. ఆమె గబుక్కున వెన్నవేసి దాన్ని పట్టుకుంది. బుసబుసమని నురగ లేచింది. అనాస చక్రాలు పడగానే పాకం బిగుసుకుని, గాజుపెంకులా అయి, పండు రసం ఊరే కొద్దీ మెత్తబడి మళ్ళీ దారికొచ్చింది. చిటికెడు ఉప్పు. ఇల్లంతా వాసన. కింది అంతస్తులో డ్రిల్లు మాస్టారి ఇంట్లో పిల్లి ఆ వాసనకు ఏడ్చిందని అంటారు. కావచ్చు, కాకపోవచ్చు. పిల్లి ఉన్నమాట మాత్రం నిజం.

చల్లన్న మంచుపెట్టె భుజాన వేసుకుని వంటింటి గుమ్మంలో నిలబడ్డాడు. లోపలికి రాలేదు. ఏళ్ళ కట్టుబాటు కాళ్ళకు అడ్డంపడింది.

“రావచ్చా?”

“ఇక్కడ గోడ లేదు కదా,” అంది పాకమ్మ. అన్నాక తనే ఉలిక్కిపడింది.

కాచిన పళ్ళెంలో చక్రాలు పేర్చి, పాకం పోసి, అలవాటుగా బల్ల మీద ముందుకు తోసింది. ఆయన అలవాటుగా అందుకుని, ఐస్‌క్రీమ్ ఉండ నున్నగా తీసి పైన పెట్టి, అలవాటుగా పక్కకు తిరిగి చెయ్యి చాచాడు. వెయిటరు లేడు. పళ్ళెం చేతిలోనే ఉండిపోయింది.

ముగ్గురూ బల్ల దగ్గర కూర్చున్నారు. మేనకోడలు చెంచా పెట్టింది. ఐస్‌క్రీమ్‌కు తగిలి చెంచా టంగుమంది. పక్కనున్న అనాసముక్క నోట్లో వేసుకుని, “అమ్మో!” అని నాలుక బయటపెట్టి విసురుకుంది.

“ఏంటత్తా ఇది! పైన రాయి, కింద నిప్పు. దీన్నా డబ్బులిచ్చి తిన్నారు జనం?”

ఇద్దరూ మొహమొహాలు చూసుకున్నారు.

“నడక కోసం నేనొక వాసి ఎక్కువ కాచా,” అంది పాకమ్మ మెల్లగా.

“నడక కోసమే నేనూ ఇంత గట్టిగా పట్టుకొచ్చా,” అన్నాడు చల్లన్న.

హోటల్లో ఆ పళ్ళెం కిటికీ దాటాక వెయిటరు చేతిలో పొడవాటి వరండా దాటి, మెట్లెక్కి, పై హాలుకు చేరేది. ఆ దారిలో పాకం కాస్త చల్లబడేది, ఐస్‌క్రీమ్ కాస్త మెత్తబడేది. తినేవాడి ముందుకొచ్చేసరికి రెండూ ఒద్దికగా కలిసేవి. ఇద్దరూ ఇన్నేళ్ళూ ఆ నడకను లెక్కలో పెట్టుకునే చేశారు. ఇంట్లో కూడా అలాగే చేశారు. ఇంట్లో నడవాల్సిన దూరమే లేదని ఇద్దరికీ తట్టలేదు.

“అయితే కాసేపు ఆగితే సరిపోలేదా?” అంది మేనకోడలు.

ఇద్దరూ ఆ పిల్ల వైపు దొంగను చూసినట్టు చూశారు. “పెట్టి ఉంచితే పాకం అడుగున బిగుస్తుంది,” అందామె. “ఐస్‌క్రీమ్ ఒకపక్కకే ఒరుగుతుంది,” అన్నాడాయన. “ఇది నడవాల్సిందే,” అన్నారిద్దరూ.

ఆ విధంగా అనాసపండు షికారుకు బయల్దేరింది. పళ్ళెం చల్లన్న చేతిలో, రెండు చెంచాలు పాకమ్మ చేతిలో. మేనకోడలు వస్తానంది గానీ, గుమ్మం దగ్గరే ఆగిపోయి, వాళ్ళు మలుపు తిరిగేదాకా చూసి లోపలికెళ్ళింది. జాలి కూడా ఎక్కువని ముందే చెప్పుకున్నాం.

మెట్ల మీద ఐస్‌క్రీమ్ ఉండ జారబోయింది. పాకమ్మ చప్పున ఆయన మోచెయ్యి పట్టి పైకెత్తింది. మణికట్టు దాకానే తెలిసిన మనిషికి మోచెయ్యి కూడా ఉంటుందని, అది వెచ్చగా ఉంటుందని అప్పుడే తెలిసింది. పట్టిన చెయ్యి వెంటనే తియ్యలేదు. మెట్లు నిటారుగా ఉన్నాయి మరి.

కింద ఆవరణలో డ్రిల్లు మాస్టారు కుర్చీ వేసుకుని కూర్చున్నాడు.

“ఏంటమ్మా, ఎవరింటికా పళ్ళెం?”

“ఎవరింటికీ కాదండి.”

“మరి?”

“తిప్పుతున్నామండి. కాస్త గాలి తగలాలి,” అన్నాడు చల్లన్న.

“ఐస్‌క్రీమ్‌కా?”

“రెంటికీనండి.”

మాస్టారు కళ్ళద్దాలు తీసి తుడుచుకుని మళ్ళీ పెట్టుకున్నాడు. “నలభయ్యేళ్ళ కాపురంలో మా ఆవిడ నన్నైనా ఇలా తిప్పలేదు,” అన్నాడు. లోపలి నుంచి ఆవిడ గొంతు వినబడింది. “మీరు చల్లారే రకమైతే తిప్పేదాన్నే!”

సైకిళ్ళు నిలిపే షెడ్డు చుట్టూ, నీళ్ళ ట్యాంకు పక్కగా, బట్టలారేసిన తాళ్ళ కిందుగా నడిచారు. వెయిటర్ల అడుగులు ఇద్దరికీ చెవుల్లో ఉన్నాయి. ఆ లయలోనే నడిచారు.

“చెల్లెలి ఇంట్లో గదికి పెద్ద కిటికీ ఉందట,” అన్నాడాయన. “బయటికి చూస్తే కొండ కనబడుతుందట.”

“మంచిదే.”

“కొండను రోజూ ఏం చూస్తాం లెండి.”

ఆ మాటకు బదులుగా అనవలసింది ఒక్కటే మాట. దారి తెరిచి ఉంది, దీపం కూడా పెట్టి ఉంది. పాకమ్మ నోరు తెరిచింది. “పాకం అటు ఒరుగుతోంది, పళ్ళెం ఇటు వంచండి,” అంది.

తిరిగి మెట్లెక్కుతూ, రెండు అంతస్తుల మధ్య మలుపులో ఆయన టక్కున ఆగాడు. “ఇక్కడే,” అన్నాడు. ఆమె కూడా పళ్ళెం చూసి తలూపింది. ఐస్‌క్రీమ్ అంచులు పాకంలోకి కరిగి పాలమీగడ చారలుగా పాకుతున్నాయి. ఇంకో మెట్టెక్కినా మించిపోతుంది. అక్కడే మెట్టు మీద కూర్చున్నారు, పళ్ళెం మధ్యలో పెట్టుకుని.

మొదటి చెంచా ఇద్దరూ ఒకేసారి నోట్లో పెట్టుకున్నారు. ముందు చలి వచ్చింది, దాని కిందనుంచి వేడి వచ్చింది, ఏది ఏదో తెలిసేలోగా అనాస పులుపు ఒకటి నవ్వుతూ మధ్యలోకి దూరింది. ఆ వెనక, చాలా వెనక, కాస్త ముదిరిన పంచదార చేదు.

“ఇన్నేళ్ళూ మనం చేసింది ఇదా!” అన్నాడు చల్లన్న.

పాకమ్మ తలొంచుకుని రెండో చెంచా తీసుకుంది. పక్కన మనిషి ఉండగానే ఆ మనిషి కోసం బెంగపెట్టుకోవడం ఎంత విచిత్రమో ఆమెకు ఆ మెట్టు మీద తెలిసింది. పళ్ళెం ఖాళీ అవుతున్న కొద్దీ ఆమె చెంచా చిన్నదైపోయింది. చివరి ముక్కను ఆయన ఆమె వైపు జరిపాడు. ఆమె ఆయన వైపు జరిపింది. అలా అది కాసేపు అటూ ఇటూ తిరిగి, ఎవరిదీ కాకుండా పళ్ళెంలోనే ఉండిపోయింది.

“ఇంకా సగం పండు మిగిలింది,” అంది పాకమ్మ.

“అవునా.”

“రేపటికి పాడైపోతుంది.”

ఆయన కాస్త ఆలోచించి, “ఫ్రిజ్‌లో పెట్టండి. ఆగుతుంది,” అన్నాడు.

మంచుగది మనిషి మరి. ఇంకేం చెబుతాడు!

లేచి, మంచుపెట్టె తీసుకుని, మేనకోడలికి చెప్పి, మెట్లు దిగి వెళ్ళిపోయాడు. పాకమ్మ మలుపులో నిలబడి, అడుగుల చప్పుడు ఆవరణ దాటేదాకా వింది. గేటు మూసుకున్నాక కూడా కాసేపు వింది.

“అత్తా, అంత చిన్న మాట!” అంది మేనకోడలు, ఆ ఒక్కసారి వెక్కిరింపు లేకుండా.

“చిన్నదే. అందుకే చేతికి దొరకలేదు.”

తర్వాతి కాలం ఎలా గడిచిందంటే, గడిచింది. పాకమ్మకు ఒక బేకరీలో పని దొరికింది. అక్కడ పొయ్యికీ ఫ్రిజ్‌కీ మధ్య గోడ లేదు, కిటికీ లేదు, ఎవరైనా ఎటైనా తిరగవచ్చు. ఆ స్వేచ్ఛ ఆమెకు అచ్చిరాలేదు. ఒక చలి పొద్దున ఇంట్లో పరధ్యానంగా ఉత్త పళ్ళెం కాచి, వంటింటి కిటికీ గట్టు మీద పెట్టింది. అది చల్లారేదాకా అలాగే చూస్తూ నిలబడింది. మేనకోడలు వెనకనుంచి వచ్చి, చూసి, ఏమీ అడక్కుండా తన చేతులు ఆ పళ్ళెం మీద పెట్టి కాచుకుంది. పాకమ్మ ఆ పిల్ల తల నిమిరింది. కానీ అవి ఆ చేతులు కావు.

ఒక సాయంత్రం ఫోను మోగింది.

“ఇదిగో, నేను.”

పాకమ్మ పక్కనున్న స్టూలు మీద కూలబడింది. “చెప్పండి.”

“చెల్లెలింట్లో అనాసపండు చేస్తున్నా. పంచదార మాటిమాటికీ గడ్డకడుతోంది.”

“కలుపుతున్నారా?”

“కలపకూడదా?”

“ఊరికే ఉండండి. దాని జోలికి వెళ్ళకండి. మంట తగ్గించి చూస్తూ ఉండండి, అంతే.”

అవతల గరిటె కింద పెట్టిన చప్పుడు. తర్వాత ఊపిరి చప్పుడు. ఇద్దరూ పంచదార కరిగేదాకా ఫోన్లో ఊరికే ఉన్నారు.

“మొన్న కూడా చేశా,” అన్నాడాయన. “చెల్లెలు బాగుందంది. నాకే బాలేదు.”

“ఏం తక్కువైంది?”

“అదే మిమ్మల్ని అడుగుదామని.”

అది ఉప్పు సంగతి కాదు, వెన్న సంగతి కాదు. పాకమ్మకు తెలుసు. ఆయనకు తెలుసని కూడా తెలుసు. మేనకోడలు పక్కగదిలో టీవీ గొంతు తగ్గించింది.

“వచ్చెయ్యండి,” అంది పాకమ్మ.

అవతల బాణలి చిటపటలాడింది. చాలాసేపటికి చిన్న గొంతుతో, “పాకం మాడుతోంది,” అన్నాడాయన.

“మాడనివ్వండి.”

ఇక్కడి దాకా రాసి నేనే ఆమెకు చదివి వినిపిస్తే, పాకమ్మ బస్టాండుకు బయల్దేరబోతూ గడప దగ్గర నిలబడి, దువ్విన తల మళ్ళీ సర్దుకుంటూ, చెప్పుల్లో కాళ్ళు దూరుస్తూ మొత్తం వింది. ఒక్కచోటా అడ్డురాలేదు. అయిపోయాక చెప్పింది.

“అంతా అబద్ధం, బాబాయిగారూ. ఆ గోడకు కిటికీ లేదు. అవతల మనిషీ లేడు. నేను అనాసపండు వండలేదు, ఎవరితోనూ మెట్ల మీద కూర్చోలేదు, ఎవర్నీ రమ్మని అనలేదు. అసలు నాకు తీపే పడదు.”